పదహారేళ్ల ప్రహ్లాదుడు ఎక్కడ?

ఆళ్లగడ్డ,
నంద్యాల జిల్లా.

గ్రీన్ గోల్డ్ యానిమేషన్ వ్యవస్థాపకులు రాజీవ్ చిలక గారికి,



2020 జూన్‌లో మీ సంస్థ ఒక విచిత్రమైన వివరణ ఇచ్చుకోవలసి వచ్చింది. మీ ఛోటా భీమ్ కార్టూన్‌లోని భీముడు పెద్దవాడై రాకుమారి ఇందుమతిని పెళ్లాడాడనీ, అతని నేస్తం చుట్కీకి ఘోరమైన అన్యాయం జరిగిందనీ సోషల్ మీడియాలో పెద్ద గోల లేచింది. అబ్బే, అదేం లేదు, వాళ్లంతా ఇంకా చిన్నపిల్లలే, ఎవరికీ పెళ్లిళ్లు కాలేదు అని మీవాళ్లు చెప్పారు. జనం నాలుగు రోజులు నవ్వుకుని మరిచిపోయారు. నాకు మాత్రం మీ వివరణ కంటే ఆ గోలే ఎక్కువ కాలం గుర్తుండిపోయింది. గోల చేసింది పసివాళ్లు కాదు గదా. లాక్‌డౌన్‌లో ఇంట్లో చిక్కుకుపోయిన ఇంటర్, డిగ్రీ పిల్లలు. 2008లో పోగోలో ఛోటా భీమ్ మొదలైనప్పుడు అన్నం ముద్ద నోట్లో పెట్టుకుని టీవీ ముందు కూర్చున్నవాళ్లు. తాము పెరిగారు గనక భీముడూ పెరిగి ఉంటాడని అనుకున్నారు. పెరిగినవాడికి ప్రేమలూ పెళ్లిళ్లూ తగువులూ ఉంటాయని ఊహించుకున్నారు. మీరు రాయని కథను వాళ్లే రాసుకున్నారు.

ఆ రాయని కథ గురించే ఈ ఉత్తరం.

మీరు చేసింది చిన్న పని కాదని ముందే ఒప్పుకుంటాను. అమెరికాలో ఉద్యోగం మానుకుని, అక్కడే యానిమేషన్ చదువుకుని వచ్చి, 2001లో హైదరాబాదులో సంస్థ పెట్టారు. అప్పట్లో మన పిల్లలు చూసే బొమ్మల కథలు దాదాపు అన్నీ అమెరికావో జపాన్‌వో. విక్రమ్ బేతాళ్, కృష్ణ తీశాక ఛోటా భీమ్ తెచ్చారు. పంచె కట్టుకున్న ఒక తొమ్మిదేళ్ల పిల్లాడు, అతని చుట్టూ చుట్కీ, రాజు, జగ్గు కోతి, ఎదురుగా కాలియా, వాడి వెంట ఢోలు భోలు. నిజానికిది ఒక జట్టు కథ. భీముడి పేరు మీద నడుస్తుంది గానీ, జట్టు లేకపోతే భీముడు లడ్డూ తిని గుద్దే పిల్లాడే.

మరి ఆ జట్టు ఎటు పోయింది? 2012లో సినిమాగా థియేటర్లకొచ్చింది. 2019లో నెట్‌ఫ్లిక్స్‌లో మైటీ లిటిల్ భీమ్ వచ్చింది. మాటల్లేని కథ, దేశదేశాల పసివాళ్లు చూశారు, బాగుంది కూడా. అయితే అందులో భీముడు పాకే బిడ్డ. 2024లో మీరే దర్శకత్వం వహించి మనుషులతో తీసిన సినిమాలోనూ మళ్లీ చిన్నపిల్లలే. చూసేవాళ్లు ఏటేటా పెరుగుతుంటే కథానాయకుడు తొమ్మిదేళ్ల దగ్గర నిలబడిపోవడమో, లేకుంటే ఉయ్యాల వైపు నడవడమో జరుగుతోంది.

మరో జట్టు వయసు విషయంలో ఎన్ని పిల్లిమొగ్గలు వేసిందో మీకు తెలియనిది కాదు. టీన్ టైటన్స్ గురించి మీకు చెప్పడం హనుమంతుడి ముందు కుప్పిగంతులు వేయడమే. అయినా ఇది బహిరంగ లేఖ, మీరొక్కరే చదవరు గనక చెబుతాను.

1964లో డీసీ కామిక్స్ వాళ్ల ‘ది బ్రేవ్ అండ్ ద బోల్డ్’ 54వ సంచికలో ముగ్గురు కుర్రాళ్లు కలిశారు. బ్యాట్‌మన్ వెంట తిరిగే రాబిన్, ఫ్లాష్ వెంట తిరిగే కిడ్ ఫ్లాష్, ఆక్వామన్ వెంట తిరిగే ఆక్వాలాడ్. రాసింది బాబ్ హేనీ, గీసింది బ్రూనో ప్రెమియాని. వీళ్లు మొదటిసారి ఏ పని మీద వెళ్లారో చూడండి. హాటన్ కార్నర్స్ అనే చిన్న ఊళ్లో పెద్దలకూ కుర్రకారుకూ పడటం లేదు. కుర్రాళ్లు కూడుకునే చోటు గురించి తగువు. దాన్ని తీర్చడానికి వెళ్లారు. దుష్టుడు ఒకడు రానే వస్తాడు, పిల్లల్ని ఎత్తుకుపోతాడు, అది మామూలే. కానీ ఆ జట్టు పుట్టుకలోనే పెద్దలకూ పిల్లలకూ మధ్య తగువు ఉంది. పేరు కూడా అప్పటికి పెట్టలేదు. మరుసటి ఏడాది వండర్ గర్ల్ చేరాక టీన్ టైటన్స్ అన్నారు, 1966లో సొంత పత్రిక ఇచ్చారు. నలభైకి దగ్గరపడిన హేనీ కుర్రవాళ్ల భాష రాయబోతే అది కుర్రవాళ్లకే ఎబ్బెట్టుగా ఉండేదని ఆ సంచికలు తిరగేసినవాళ్లు ఇప్పటికీ నవ్వుతారు. మన తెలుగు సినిమాల్లో కాలేజీ సీన్లు రాసేవాళ్లు అది గుర్తుపెట్టుకోవాలి.

1967లో టీవీకి ఎక్కారు, చిన్న చిన్న ముక్కలుగా, అదీ రాబిన్ లేకుండా. పత్రిక 1973లో ఆగింది, 1976లో లేచింది, 1978లో మళ్లీ పడుకుంది. ఆ పదిహేనేళ్లలో చెప్పుకోదగిన కథలు బహు తక్కువ. అసలు సంగతి 1980లో మొదలైంది.

ఆ ఏడాది మార్వ్ వుల్ఫ్‌మన్ అనే రచయిత, జార్జ్ పెరెజ్ అనే 26 ఏళ్ల చిత్రకారుడు కలిసి ‘ది న్యూ టీన్ టైటన్స్’ తెచ్చారు. పాతవాళ్లలో రాబిన్, వండర్ గర్ల్, కిడ్ ఫ్లాష్ ఉన్నారు, ఒకప్పటి బీస్ట్ బాయ్ ఛేంజ్‌లింగ్ అన్న పేరుతో వచ్చాడు. కొత్తగా సైబోర్గ్, స్టార్‌ఫైర్, రేవెన్ చేరారు. ఈ పిల్లల ఇంటి సంగతులు ఒక్కసారి పక్కపక్కన పెట్టి చూడండి. సైబోర్గ్ అసలు పేరు విక్టర్ స్టోన్. తండ్రి ప్రయోగశాలలో జరిగిన ప్రమాదంలో ఒళ్లు ఛిద్రమైతే, ఆ తండ్రే లోహపు అవయవాలు పెట్టి బతికించాడు. బతికించినందుకే కొడుకు తండ్రిని క్షమించలేకపోయాడు. స్టార్‌ఫైర్‌ది వేరే గ్రహం, ఆమెకు సొంత అక్కే పగ. రాబిన్‌కు బ్యాట్‌మన్ తండ్రి లాంటివాడు, ఆ నీడలోంచి బయటికి రావడమే అతని బాధంతా. ఇక రేవెన్. ఆమె తండ్రి ట్రైగాన్ ఒక రాక్షసుడు, లోకాలను మింగేవాడు. అసలు ఆ జట్టును కూడగట్టిందే రేవెన్. కూడగట్టింది కన్నతండ్రిని ఎదిరించడానికి.

అక్కడితో అయిపోలేదు. వాళ్ల ప్రధాన శత్రువు డెత్‌స్ట్రోక్ మొదటిసారి వాళ్ల మీదికి ఎందుకు వచ్చాడంటే, వాళ్లను వేటాడే పని ఒప్పుకున్న అతని కొడుకు ఆ ప్రయత్నంలో చనిపోయాడు గనక. కొడుకు ఒప్పందాన్ని తండ్రి నెత్తికెత్తుకున్నాడు. నాలుగేళ్ల తర్వాత అదే డెత్‌స్ట్రోక్ రెండో కొడుకు జెరికో, నోట మాట లేని పిల్లాడు, వచ్చి టైటన్స్ పక్షాన నిలబడి తండ్రి మీద పోరాడాడు. వాళ్లుండే టి ఆకారపు భవనం ఉంది చూశారూ, అది కూడా సైబోర్గ్ తండ్రి కట్టించిందే. ఎగరడాలు, పేల్చడాలు తీసి పక్కన పెడితే మిగిలేది ఒకటే: కొడుకులూ కూతుళ్లూ తమను కన్నవాళ్లతో, పెంచినవాళ్లతో తేల్చుకోవలసిన లెక్క.

1940లో పుట్టిన రాబిన్, 1984లో ఆ పేరూ ఆ దుస్తులూ వదిలేసి నైట్‌వింగ్ అయ్యాడు. ఒక పిల్లాడు పెద్దవాడు కావడానికి 44 ఏళ్లు పట్టింది. ఆ లెక్కన మీకు ఇంకా బోలెడు టైముంది, కంగారు పడకండి.

ఒక పిట్టకథ. 1983లో అమెరికా ప్రభుత్వం మత్తుమందులకు వ్యతిరేకంగా టైటన్స్‌తో పుస్తకాలు వేయించి బడుల్లో పంచింది. అందులో రాబిన్ లేడు. మొదటి పుస్తకం ఖర్చు పెట్టుకున్నది ఒక బిస్కెట్ కంపెనీ, రాబిన్ బొమ్మ వాడుకునే హక్కు ఇంకో బిస్కెట్ కంపెనీ దగ్గర ఉంది. దాంతో ప్రొటెక్టర్ అని అప్పటికప్పుడు ఒకణ్ణి పుట్టించి రాబిన్ చోట నిలబెట్టారు. సూపర్‌హీరోలకు అంతుచిక్కని శక్తి లైసెన్సు ఒక్కటేనని దాంతో తేలిపోయింది. మీ వ్యాపారంలో ఈ బాధలు మీకు తెలిసే ఉంటాయి.

అసలైన ముచ్చట టెర్రా అనే పిల్లది. పదిహేను పదహారేళ్ల పిల్ల, మట్టినీ రాతినీ కదిలించే శక్తి ఉంది. జట్టులో చేరింది, అందరూ నమ్మారు, ఛేంజ్‌లింగ్ మనసిచ్చాడు. 1984లో ‘జూడస్ కాంట్రాక్ట్’ కథలో ఆమె మొదటి నుంచీ డెత్‌స్ట్రోక్ పంపిన గూఢచారి అని జట్టుకు తెలిసింది. చివరికి తన కోపంలో తానే కూలిపోయి చచ్చిపోయింది. పశ్చాత్తాపం లేదు, మారడం లేదు. ఆమెను అలాగే ముగించాలని రచయితలు మొదటే అనుకున్నారు. పాఠకులు మాత్రం చివరి పుట దాకా ఆమె మారుతుందనే ఎదురుచూశారు.

అదే టెర్రా 2003లో మొదలైన కార్టూన్ నెట్‌వర్క్ కథలోకి వచ్చేసరికి వేరే మనిషయింది. గ్లెన్ మురకామి బృందం తీసిన ఆ టీవీ కథకు జపాన్ బొమ్మల పోకడలు తెచ్చారు, పాట కూడా జపాన్ అమ్మాయిల చేతే పాడించారు. అయిదుగురు పిల్లలు, పెద్దదిక్కు లేని ఇల్లు, పిజ్జాలూ వీడియో గేములూ. చిన్నపిల్లల చానెల్ గనక డెత్‌స్ట్రోక్ అనే పేరు వాడకుండా స్లేడ్ అని సరిపెట్టుకున్నారు. అయినా లోపలి బరువు తగ్గించలేదు. టెర్రా అక్కడా ద్రోహం చేసింది. కానీ ఎందుకు చేసిందో తెలుస్తుంది: తన శక్తి తన చెప్పుచేతల్లో లేదన్న భయం, ఆ భయం జట్టుకు తెలిసిపోయిందన్న అవమానం. చివర్లో ఊరిని కాపాడి తాను శిలగా మారిపోయింది. మా ఆళ్లగడ్డలో రోడ్డుకు అటూ ఇటూ ఉలి చప్పుళ్లు వింటూ బతికినవాడిని నేను. ఇక్కడ రాయి దేవుడవుతుంది, నాయకుడవుతుంది, అవే చేతులు రెండింటినీ చెక్కుతాయి. మనిషి రాయి కావడం మాకు అహల్య దగ్గర తెలుసు, అది శాపం. తన తప్పు తెలుసుకున్న ఒక పిల్ల తన ఇష్టంతో రాయి కావడం మాత్రం ఆ కార్టూన్‌లోనే చూశాను.

ఒకే పాత్రను పుస్తకంలో అలా, టీవీలో ఇలా ఎందుకు చేశారో నాకు తోచింది చెబుతాను. పుస్తకం కొనేవాడు అప్పటికే కాస్త పెద్దవాడు, మోసపోవడమంటే ఏమిటో వాడికి రుచి చూపించారు. టీవీ ముందు కూర్చున్నది పదేళ్ల పిల్ల, ఆమెకు మోసం చేసినవాళ్ల లోపల ఏం జరుగుతుందో చూపించారు. రెండూ పనికొచ్చేవే. ఎదుటివాడి వయసు చూసి కథ మార్చారు గానీ, ఎదుటివాడు చిన్నవాడని బరువైన మాట దాచలేదు. ఆ టీవీ కథ 65 భాగాలు నడిచి 2006 జనవరిలో ఆగింది. చివరి భాగంలో టెర్రా పోలికలున్న ఒక అమ్మాయి బడిలో కనబడుతుంది, బీస్ట్ బాయ్ వెంటపడి అడిగినా నువ్వెవరో నాకు తెలియదంటుంది. అంతే. పిల్లల కార్టూన్‌ను అలా ముగించే ధైర్యం ఇంకెవరికీ ఉన్నట్టు నేను చూడలేదు.

2013లో వచ్చిన ‘టీన్ టైటన్స్ గో’ మీరు వెళ్లిన దారిలోనే వెళ్లింది. పెద్ద తలలు, పొట్టి కాళ్లు, అల్లరి. వందల భాగాలు నడిచింది, ఇంకా నడుస్తోంది. పాత కథ చూసి పెరిగినవాళ్లు తిట్టిపోశారు, చిన్నపిల్లలు పడీ పడీ నవ్వారు. 2018లో దానికి సరిగ్గా ఎదురుదిక్కుగా ‘టైటన్స్’ అని మనుషులతో తీశారు, నెత్తురూ చీకటీ బూతులూ. అది నాకు నచ్చలేదు. పదహారేళ్లవాణ్ణి పెద్దవాడిగా చూపించడమంటే వాడి చేత పదిమంది ఎముకలు విరిపించడమే అనుకున్నారు పాపం.

ఇంత అమెరికా పురాణం చదివాక, ఆళ్లగడ్డవాడికి దీంతో ఏం పని అని మీరు అడగవచ్చు. పని ఉంది. మా ఊరి నుంచి పాతిక ముప్ఫై కిలోమీటర్ల దూరంలో అహోబిలం. నల్లమల కొండల్లో తొమ్మిది నరసింహస్వాములు. ఎగువన కొండ కొమ్ముగా నిలిచిన ఉగ్రస్తంభాన్ని చూపించి, స్వామి చీల్చుకుని వచ్చిన స్తంభం ఇదేనని చెబుతారు. రాక్షసుడైన తండ్రిని ఎదిరించి నిలబడిన బిడ్డ కథ మాకు పుస్తకాల్లోది కాదు, మా తట్టు కొండల్లోది. రేవెన్ కథ మొదటిసారి తెలిసినప్పుడు నాకు కొత్తగా అనిపించింది ఒకటే: ఆ పిల్ల వయసు.

మన ప్రహ్లాదుడికి అయిదేళ్లు. పోతన గారు కూడా అయిదేళ్లవాడనే అన్నారు. 1932లో తెలుగు తెర మొదటిసారి మాట్లాడినప్పుడు మాట్లాడింది భక్త ప్రహ్లాద కథే. 1967లో ఏవీఎం వారు తీసినప్పుడు రోజారమణి ప్రహ్లాదుడు, ఎస్వీ రంగారావు హిరణ్యకశిపుడు. ఆ పసిదాన్ని ఏనుగుల ముందు పడేస్తుంటే థియేటర్లో ఆడవాళ్లు ఏడ్చారని మా అమ్మ చెప్పేది. 2025 జూలైలో అశ్విన్ కుమార్ దర్శకత్వంలో ‘మహావతార్ నరసింహ’ వచ్చింది. యానిమేషన్ సినిమా 300 కోట్లు దాటి వసూలు చేసిందని పత్రికలు రాశాయి. మా నంద్యాల తట్టు జనం ముసలీ ముతకా అందరూ వెళ్లి చూశారు. చెప్పులు విడిచి కూర్చున్నవాళ్లనూ చూశాను. పెద్దలు బొమ్మల సినిమాకు రారు అనే మాట ఇక చెల్లదు. అందులోనూ ప్రహ్లాదుడు పసివాడే.

తొంభై ఏళ్లకు పైగా తెర మీద ఒకే వయసు. ఎందుకు? నా అనుమానం చెప్పనా? అయిదేళ్లవాడు తండ్రి మాట వినకపోతే ముద్దొస్తుంది. వాడి నోట పలికేది దేవుడని సరిపెట్టుకుంటాం. అదే మాట పదహారేళ్లవాడు అంటే, నీది తప్పు నాన్నా, నువ్వు చెప్పింది నేను చదవను, నువ్వు మొక్కమన్నవాడికి మొక్కను అంటే, ముందు వరసలో కూర్చున్న తండ్రులందరికీ కుర్చీలో ముళ్లు మొలుస్తాయి. అందుకే ఎదిరించేవాణ్ణి పసివాడిగానే ఉంచేశాం. వాడు పెరగకపోతే మనకు భయం లేదు.

ఈ భయం ఎంతటిదో నాకు తెలుసు, ఎందుకంటే నేను ఇంటర్ పిల్లలకు పాఠం చెప్పి బతికినవాణ్ణి. హిరణ్యకశిపుడు కొడుకును చండామార్కుల దగ్గర చదువుకు పెట్టాడు, మధ్యలో పిలిపించి తొడమీద కూర్చోబెట్టుకుని ఏం నేర్చుకున్నావని అడిగాడు, జవాబు నచ్చకపోతే మళ్లీ వాళ్లకే అప్పగించాడు. పదో తరగతి అయిన మరునాడే ఎంపీసీయా బైపీసీయా అని తండ్రే తేల్చి, హాస్టల్లో దించి, దసరాకు ఇంటికొస్తే ర్యాంకు అడిగే మా జిల్లా ఇళ్లకు ఈ కథ బాగా తెలుసు. డిగ్రీ అయ్యాక బ్యాంకు పరీక్షల కోచింగ్ కోసం ఎక్కడెక్కడి పిల్లలో నంద్యాలకే వస్తారు. గదులు తీసుకుని, మెస్‌లో తిని, పొద్దున్నే లెక్కలు చేసుకుంటూ కూర్చునే ఆ పిల్లలు రాత్రి పదింటికి ఫోన్లో చూసేది ఏమిటంటే జపాన్ అనిమే. నరుటోను, లఫీని సొంత ఊరివాళ్లలా మాట్లాడుకుంటారు. తమ వయసు పిల్లలు తడబడే కథలు వాళ్లకు జపాన్ నుంచి వస్తున్నాయి, అమెరికా నుంచి వస్తున్నాయి. హైదరాబాదు నుంచి మాత్రం లడ్డూ వస్తోంది. కటువుగా అన్నానని అనుకోకండి.

మనకు ఆ వయసు కథలు ఎప్పుడూ లేవా అంటే, పుష్కలంగా ఉండేవి. మార్కండేయుడి దగ్గరికి యముడు వచ్చింది పదహారో ఏటనే. అభిమన్యుడు పద్మవ్యూహంలోకి వెళ్లిందీ ఆ వయసులోనే. అంతకంటే దగ్గరి ఉదాహరణ 1957 నాటి ‘మాయాబజార్’. అందులో శశిరేఖ, అభిమన్యుడు, ఘటోత్కచుడు కలిస్తే అది కుర్రకారు జట్టు కాక ఇంకేమిటి? ఒకడు విలుకాడు, ఒకడు ఏ రూపమైనా ధరించగల రాక్షసపుత్రుడు, ఒకతె తండ్రి కుదిర్చిన సంబంధం వద్దన్న అమ్మాయి. వాళ్లు ఎదిరిస్తున్నది లక్ష్మణకుమారుణ్ణి కాదు, వాడు ఉత్త బొమ్మ. డబ్బూ దర్పం చూసి మాట తప్పిన బలరాముణ్ణి, రేవతినీ. కృష్ణుడొక్కడే పెద్దల్లో పిల్లల పక్షం, అదీ చాటుగా. ఆ కథ వ్యాసుడిలో లేదు, మనవాళ్లు జనంలోంచి తెచ్చుకున్నారు. నటించినవాళ్లు వయసులో పెద్దలు కావడంతో మనకు ఆ సంగతి తట్టదు గానీ, వయసు సరిచేసి గీస్తే అది నేటి పదహారేళ్ల పిల్లల కథ.

ఆ సినిమా తీసిన విజయా వారి నాగిరెడ్డి, చక్రపాణి గార్లే 1947 జులైలో చందమామ మొదలుపెట్టారు. నా తరం వాళ్లకు చందమామ సీరియల్ అంటే దాసరి సుబ్రహ్మణ్యం గారిదే, అయితే రాసింది ఆయనని అప్పుడు మాకు తెలియదు. పత్రికలో పేరు వేసేవాళ్లు కాదు. 1954లో ‘తోకచుక్క’తో మొదలుపెట్టి ఏళ్ల తరబడి ఒకదాని వెంట ఒకటి రాశారు. వాటికి చిత్రా గారు వేసిన బొమ్మలు ఇప్పటికీ కళ్లు మూసుకుంటే కనిపిస్తాయి. ‘యక్షపర్వతం’లో ఖడ్గవర్మ, జీవదత్తుడు: ఒకడి చేతిలో కత్తి, ఒకడి చేతిలో మంత్రదండం. ‘శిథిలాలయం’లో శిఖిముఖి, విక్రమకేసరి: ఒకడు గూడెం కుర్రవాడు, ఒకడు క్షత్రియుడు, ఇద్దరూ సరిసమానంగా అడవుల్లో నడుస్తారు. అందరూ మీసం మొలిచీ మొలవని యువకులు. తల్లిదండ్రులు వెంట ఉండరు, ఇల్లు వదిలి వచ్చినవాళ్లు, నెలనెలా ఒక గండంలో పడి తర్వాతి సంచిక దాకా మమ్మల్ని అలాగే వేలాడదీసేవాళ్లు. లోపమూ ఒకటుంది, చెప్పాలి. వాళ్లు ఎప్పుడూ తప్పు చేయరు, ఒకరినొకరు అనుమానించరు, ఒకరోజు వయసు పెరగరు. ఆడపిల్లకు జట్టులో సమానమైన చోటు అరుదు. ఆ దారిని ముందుకు తీసుకుపోయి, తప్పులు చేసే, కొట్లాడుకునే జట్టును సృష్టించవలసిన సమయానికి చందమామ చేతులు మారింది, చివరికి ఆగిపోయింది. వీరులు పత్రికలోంచి టీవీలోకి దాటుకోవలసిన వంతెన దగ్గర మన కథ తెగిపోయింది. అమెరికావాళ్లకు ఆ వంతెన తెగలేదు. వుల్ఫ్‌మన్, పెరెజ్ కాగితం మీద చేసిన పనిని ఇరవై ఏళ్ల తర్వాత మురకామి తెర మీద వాడుకున్నాడు.

అందుకని నేను మిమ్మల్ని అడిగేది ముందు కార్టూన్ కాదు. ముందు పుస్తకం వేయండి. టీవీ కథకు కోట్లు కావాలి, చానెల్ ఒప్పుకోవాలి, అయిదేళ్ల పిల్లకూ నచ్చాలి. పుస్తకానికి ఒక రచయిత, ఒక చిత్రకారుడు చాలు. పెరెజ్‌కు 26 ఏళ్లని పైన చెప్పాను. ఆ వయసు గీతకాళ్లు మీ స్టూడియోలోనే కొంతమంది ఉంటారు, పొద్దంతా భీముడి పంచె గీసి ఇంటికెళ్లి తమ సొంత బొమ్మలు గీసుకుంటూ. కథ తెలుగులో పుట్టించండి. హైదరాబాదులో పుట్టినవాడి ఊరు ఢోలక్‌పూర్ అయిందీ, వాడికి లడ్డూలు పెట్టే ఆమె మౌసి అయిందీ వ్యాపారం కోసమని తెలుసు, తప్పు పట్టను. ఈ ఒక్క పుస్తకానికి ఆ లెక్క వద్దు. ఊరు నల్లమల అంచున ఉండనివ్వండి. జట్టులో ఒక చెంచు పిల్లకు చోటివ్వండి, బాణం వేసే అలంకారంగా కాదు, పులుల అభయారణ్యం హద్దులకూ తన గూడేనికీ మధ్య ఇరుక్కున్న మనిషిగా. అహోబిలం స్వామి చెంచుల అల్లుడని మా నమ్మకం. కనుమ నాటి నుంచి నెలన్నర పాటు పార్వేటలో పల్లెపల్లెకూ వచ్చి తన పెళ్లికి పిలుస్తాడు. దేవుడికే ఉన్న ఆ బంధుత్వం మన కథలకు ఎందుకు ఉండకూడదు?

హాస్టల్ గోడ దూకిన ఒక కుర్రవాణ్ణి పెట్టండి. వాడికి శక్తి ఏం ఉండాలో మీ ఇష్టం, తండ్రితో మాత్రం తగువు ఉండాలి. ఆ తండ్రిని రాక్షసుణ్ణి చేసేయకండి. సైబోర్గ్ తండ్రిలాగా, చేసింది తప్పో ఒప్పో తనకే తెలియని మనిషిని చేయండి. అమ్మాయిని ఎవరి చెల్లెలుగానో, ఎవరి ప్రేయసిగానో నిలబెట్టవద్దు. కుర్రభాష రాయడానికి నాలాంటివాళ్లను పిలవకండి, హేనీ గతి పడుతుంది. ఏడాదికొక ఏడాది వాళ్ల వయసు పెంచండి. నాలుగేళ్లు నడిచి ఆగిపోయినా ఫర్వాలేదు, పదహారులో మొదలైనవాళ్లు ఇరవైలో ముగుస్తారు.

ఇవన్నీ కుదరవు, భీముడి జట్టే మాకున్న ఆస్తి అంటారా, సరే. అప్పుడు ఒక్క పుస్తకం కోసమైనా ఢోలక్‌పూర్‌లో ఏడేళ్లు గడిచాయనుకోండి. చుట్కీ పెళ్లి గోల జోలికి పోవద్దు, ఆమెకు అంతకంటే మంచి పనులుంటాయి. నాకు కావలసింది కాలియా. ఇన్నేళ్లుగా ప్రతి భాగంలోనూ ఓడిపోయాడు, నవ్వుల పాలయ్యాడు, ఢోలు భోలు తప్ప వాడి పక్కన నిలబడ్డవాడు లేడు. అలాంటివాడు పదహారో ఏట శత్రువుల పక్షాన చేరితే ఎవరూ ఆశ్చర్యపోరు. టీవీవాళ్లు టెర్రాకు ఇచ్చిన మర్యాద వాడికీ ఇవ్వండి. ఎందుకు వెళ్లిపోయాడో ఒక సంచిక మొత్తం వాడి నోటితోనే చెప్పించండి. భీముడు ఎదురుగా కూర్చుని, మధ్యలో పిడికిలి ఎత్తకుండా, చివరి దాకా వినాలి.

ఇట్లు,
ఆళ్లగడ్డ నుంచి
ఒక పాత పంతులు